గ్రాట్యుటీలో కోతకు ‘అభ్యంతరం లేదు’ అని రాసివ్వమంటున్నారు. సంతకం పెట్టాలా?

ప్రశ్న: సార్, నేను 1989లో సెకండరీ గ్రేడ్ టీచర్‌గా చేరాను. 2009లో స్కూల్ అసిస్టెంట్‌గా ప్రమోషన్ వచ్చింది. 2024 జూన్ 30న ప్రభుత్వ ఉన్నత పాఠశాలలో రిటైరయ్యాను. నెలనెలా పెన్షన్ పడుతోంది. కమ్యుటేషన్ (పెన్షన్‌లో కొంత భాగానికి బదులు ఒకేసారి ఇచ్చే మొత్తం), సెలవుల డబ్బు బిల్లులకు ట్రెజరీలో టోకెన్ నంబర్లు వచ్చి అక్కడే ఆగిపోయాయి. గ్రాట్యుటీ అయితే అసలు కదల్లేదు. అడిగితే, 2009 ప్రమోషన్ ఫిక్సేషన్‌లో, అంటే కొత్త జీతం ఖరారు చేసేటప్పుడు, నాకు ఒక ఇంక్రిమెంటు ఎక్కువ వేశారని ఆడిట్ అభ్యంతరం వచ్చిందట. అప్పటినుంచి అదనంగా తీసుకున్న 3,86,420 రూపాయలు గ్రాట్యుటీలోంచి పట్టుకుంటారట. ‘నాకు అభ్యంతరం లేదు’ అని ఒక కాగితం రాసిస్తే మిగతాది త్వరగా వస్తుందని ఆఫీసులో అంటున్నారు. సంఘం వాళ్లు కూడా పోనీ ఇచ్చేయండమ్మా అంటున్నారు. మావారి గుండె ఆపరేషన్‌కు నా గాజులు తాకట్టు పెట్టాం, వడ్డీ పెరుగుతోంది. మా అబ్బాయి కోర్టుకు వెళ్దామంటాడు. ప్రభుత్వం మీద కేసు వేస్తే ఆ వచ్చే పెన్షన్ కూడా ఆపేస్తారేమోనని నా భయం. ఇంక్రిమెంటు ఎక్కువ పడిన సంగతి నాకు నిజంగా తెలియదు. ఏం చేయమంటారు?
– ఒక విశ్రాంత ఉపాధ్యాయిని, ఉమ్మడి నల్గొండ జిల్లా

సమాధానం:

టీచర్ గారూ, అన్నిటికన్నా ముందు, ఆ కాగితం మీద సంతకం పెట్టకండి. కింద రాసినదంతా తీరిగ్గా చదువుకోండి, అర్థం కానిచోట అబ్బాయి చేత చదివించుకోండి. ఈ ఒక్కటి మాత్రం ఈ రోజే గుర్తుపెట్టుకోండి.

మీ దగ్గర ఆ డబ్బు వసూలు చేసే దారి వాళ్లకు సాఫీగా ఉంటే మీ ఒప్పుకోలుతో పనేముంది? ఉత్తర్వు ఇచ్చి పట్టుకునేవాళ్లే. కాగితం అడుగుతున్నారంటేనే ఆ దారికి అడ్డం ఉందని అర్థం. ఆ అడ్డాన్ని మీ చేత్తోనే తీయిస్తున్నారు. ‘నాకు అభ్యంతరం లేదు’ అన్న ఆ ముక్కను రేపు హైకోర్టులో ప్రభుత్వ న్యాయవాది మొట్టమొదట చదువుతారు.

నేను సబ్ ట్రెజరీలో ఇరవై ఏళ్లకు పైగా కౌంటరు వెనక కూర్చున్నవాణ్ని. ఆ కాగితం నాకు బాగా తెలుసు. నాలుగు లైన్లు, కింద సంతకం పెట్టాల్సిన చోట పెన్సిల్‌తో ఇంటూ గుర్తు, మధ్యలో అంకె వేయడానికి ఖాళీ. ఒకసారి ఒక స్కూలు అటెండరు గారు ఆ ఖాళీ ఖాళీగా ఉండగానే సంతకం పెట్టేసి నా ముందుకు తోశారు. ‘అంకె మీరే వేసుకోండి బాబూ, మిగిలింది ఇప్పించండి చాలు’ అన్నారు. ముప్పై ఏళ్లకు పైగా బడి గంట కొట్టిన చెయ్యి అది. నేను ఆ కాగితం తీసుకుని ఫైల్లో పెట్టాను. ఆ రోజు ఆయనకు చెప్పాల్సిన మాట చెప్పలేదన్న బాధ ఇప్పటికీ ఉంది. అందుకే మీకు ఇంత గట్టిగా చెబుతున్నాను.

ఇప్పుడు చట్టం సంగతి. 2014 డిసెంబరు 18న సుప్రీంకోర్టు ‘స్టేట్ ఆఫ్ పంజాబ్ వర్సెస్ రఫీక్ మసీ’ కేసులో తీర్పు ఇచ్చింది. పొరపాటున ఎక్కువ జీతం ఇచ్చేసి, ఏళ్ల తర్వాత వెనక్కి లాక్కునే కేసులన్నీ ఇప్పుడు దాని మీదే నడుస్తున్నాయి. ఏయే సందర్భాల్లో వసూలు కూడదో అందులో అయిదు చెప్పారు. మూడో, నాలుగో తరగతి ఉద్యోగుల నుంచి వసూలు చేయకూడదన్నది ఒకటి. పై పోస్టు పని చేయించుకుని ఆ పోస్టు జీతమే ఇచ్చి ఉంటే దాన్ని అడగకూడదన్నది ఇంకొకటి. ఈ రెండింటి జోలికి మనం పోనక్కర్లేదు, ఎందుకంటే మిగతా మూడూ మీ కోసమే రాసినట్టున్నాయి. రిటైరైనవాళ్ల నుంచి, లేదా ఏడాదిలోపు రిటైరయ్యేవాళ్ల నుంచి వసూలు చేయకూడదు. వసూలు ఉత్తర్వు ఇచ్చే నాటికి ఆ అదనపు చెల్లింపు అయిదేళ్లకు మించి సాగి ఉంటే వసూలు చేయకూడదు. మీకు 2009 నుంచి 2024 దాకా పదిహేనేళ్లు సాగింది. ఇక, ఉద్యోగి మీద మరీ కఠినంగా, అన్యాయంగా పడుతుందని కోర్టుకు అనిపించిన ఏ సందర్భంలోనైనా వసూలు చేయకూడదు. మీ ఇంటి పరిస్థితి ఈ మూడో దాని కిందికి వస్తుంది.

మీ కథకు ఇంకా దగ్గరగా ఉన్న కేసు ఒకటి కేరళది, ‘థామస్ డేనియల్ వర్సెస్ స్టేట్ ఆఫ్ కేరళ’. ఆయనా ఉపాధ్యాయుడే, ప్రధానోపాధ్యాయుడిగా 1999 మార్చిలో రిటైరయ్యారు. ఆయనకూ అకౌంటెంట్ జనరల్ (ఏజీ) ఆఫీసు నుంచి అభ్యంతరం వచ్చింది, ఇంక్రిమెంట్లు తప్పుగా పడ్డాయని. ఆ గొడవ సుప్రీంకోర్టు దాకా పోయి 2022 మే 2న తేలింది. తీర్పు ఇచ్చిన ఇద్దరు న్యాయమూర్తుల్లో జస్టిస్ అబ్దుల్ నజీర్ ఒకరు, తర్వాత ఆంధ్రప్రదేశ్ గవర్నరుగా వచ్చారు చూడండి, ఆయనే. ఆ టీచరు మోసం చేయలేదు, అబద్ధం చెప్పలేదు. నిబంధనను అర్థం చేసుకోవడంలో ఆఫీసు చేసిన పొరపాటుకు ఆయన దగ్గర వసూలు చేయడం కుదరదని కోర్టు తేల్చింది. మీ వకీలుకు ఈ రెండు తీర్పుల పేర్లు చెప్పండి. ఆయనకు తెలిసే ఉంటాయి, అయినా చెప్పండి.

ఇక్కడే ఒక మెలిక ఉంది. ఈ తీర్పుల్లో కోర్టు ‘ఆ అదనపు డబ్బు ఉద్యోగి హక్కు’ అనలేదు. తన తప్పు లేనివాణ్ని బాధపెట్టకూడదన్న న్యాయదృష్టితో కాపాడింది. అందుకే మీ ఉత్తరంలో చివరి వాక్యం ఉందే, ‘నాకు నిజంగా తెలియదు’ అని, మీ కేసుకు ప్రాణం అదే. ఫిక్సేషన్ చేసింది ఆఫీసు. బిల్లు పాస్ చేసింది ట్రెజరీ. సర్వీసు రిజిస్టరులో సంతకం పెట్టింది హెచ్ఎం. మీరు ఏ తప్పుడు సర్టిఫికెట్టూ ఇవ్వలేదు, ఏ వివరమూ దాచలేదు. అఫిడవిట్‌లో ఈ మాట మొదటి పేజీలోనే రావాలి. తప్పు జరుగుతోందని తెలిసీ తీసుకున్నవాళ్లకు గానీ, మోసం చేసి తీసుకున్నవాళ్లకు గానీ ఈ రక్షణ లేదు, ఉండకూడదు కూడా.

మీకు ఎదురు రాగల తీర్పు కూడా చెబుతాను. దాచిపెట్టి ధైర్యం చెప్పడం నాకు ఇష్టం లేదు. 2016 జూలై 29న సుప్రీంకోర్టే జగ్‌దేవ్ సింగ్ కేసులో వసూలును సమర్థించింది. ఆయన హర్యానాలో న్యాయాధికారి. కొత్త వేతన స్కేలు తీసుకునేటప్పుడు ‘ఎక్కువ వస్తే తిరిగి ఇచ్చేస్తాను’ అని ముందే అండర్‌టేకింగ్ రాసిచ్చారు. రాసిచ్చాక ఆ మాటకు కట్టుబడాల్సిందేనని కోర్టు అంది. అప్పుడు కూడా ఒక్కసారిగా పట్టుకోవద్దు, రెండేళ్లపాటు నెలవారీ వాయిదాల్లో తీసుకోండి అని ఆదేశించింది. ప్రభుత్వం తరఫున వేసే కౌంటరులో, అంటే మీ పిటిషన్‌కు వాళ్లిచ్చే జవాబులో, ఈ కేసు తప్పకుండా ఉంటుంది.

అందుచేత మీరు వెంటనే చూసుకోవాల్సింది మీ సర్వీసు రిజిస్టరు. 2009 ప్రమోషన్ అప్పుడు గానీ, ఆ తర్వాత పీఆర్సీ (వేతన సవరణ) ఆప్షన్ ఫారాలు ఇచ్చినప్పుడు గానీ అలాంటి వాక్యం కింద మీ సంతకం ఉందా? ఆప్షన్ ఫారం ఎవరో నింపి ఇస్తే స్టాఫ్ రూములో నిలబడే సంతకం పెట్టేసిన రోజులవి, మనందరికీ తెలుసు. ఉంటే వకీలుకు ముందే చెప్పండి. ఎదుటివాళ్ల నోట మొదటిసారి వినడం కన్నా అది మేలు. అలాంటి పాత కాగితం ఉన్నా దారి మూసుకుపోదు. మీ వకీలు అది ఏ సందర్భంలో, దేని గురించి ఇచ్చారో వాదిస్తారు. కానీ ఈ రోజు, రిటైరయ్యాక, ఫలానా అంకెకు నాకు అభ్యంతరం లేదని మీరే కొత్తగా రాసిస్తే వాదించడానికి ఏం మిగులుతుంది?

ఒకవేళ నా సమాధానం మీకు అందేలోపే సంతకం పెట్టేసి ఉంటే కంగారు పడకండి. ఏ పరిస్థితిలో పెట్టారో, ఎవరు ఏం చెబితే పెట్టారో తేదీతో సహా రాసి, ఆ ఒప్పుకోలు వెనక్కి తీసుకుంటున్నానని రిజిస్టర్ పోస్టులో పంపండి. రసీదు భద్రంగా దాచండి.

అసలు ఆ అభ్యంతరం నిజమో కాదో కూడా ఇంకా ఎవరూ తేల్చలేదు. ప్రమోషన్‌కు ముందే 16 ఏళ్ల స్కేలు (ప్రమోషన్ రాకపోయినా 16 ఏళ్ల సర్వీసుకు ఇచ్చే పై స్కేలు) తీసుకున్న టీచర్ల ఫిక్సేషన్లలో ఇలాంటి అభ్యంతరాలు తరచూ వస్తుంటాయి. అన్నీ సరైనవి కావు. మీకు నోటిమాటగా చెప్పారు తప్ప కాగితం ఇవ్వలేదని ఉత్తరాన్ని బట్టి అర్థమవుతోంది. నోటీసు ఇవ్వకుండా, మీ వివరణ వినకుండా జీతం తగ్గించే అధికారం ఎవరికీ లేదు. దీని మీద నాకు చాలా ఇష్టమైన తీర్పు ఒకటుంది, భగవాన్ శుక్లా అనే రైల్వే గార్డుది. ఆయన మూల వేతనం 1970 నుంచి 190 రూపాయలుగా ఖరారైంది. 1991లో ఒక ఉత్తర్వు ఇచ్చి దాన్ని పాత తేదీ నుంచే 181 రూపాయలకు దించారు. ఒక్క నోటీసు లేదు, ఒక్క మాట అడగలేదు. తొమ్మిది రూపాయల తేడా కోసం ఆయన సుప్రీంకోర్టు దాకా వెళ్లారు. 1994లో గెలిచారు. ఎవరి జేబు మీద దెబ్బ పడుతుందో వాళ్ల మాట వినకుండా అలా చేయడం సహజన్యాయానికి విరుద్ధమని కోర్టు ఆ ఉత్తర్వును కొట్టేసింది. మీది తొమ్మిది రూపాయలు కాదు, దాదాపు నాలుగు లక్షలు.

కాబట్టి ముందు కాగితం తెప్పించుకోండి. ఏజీ ఆఫీసు అభ్యంతరం నకలు, 2009 ఫిక్సేషన్ స్టేట్‌మెంట్, ఆ 3,86,420 ఎలా వచ్చిందో చూపించే లెక్క, సర్వీసు రిజిస్టరులో సంబంధిత పేజీలు, ఇవన్నీ కావాలని సమాచార హక్కు చట్టం కింద మీ డీడీవోకి (జీతాల బిల్లులు పెట్టే అధికారికి), డీఈవో (జిల్లా విద్యాధికారి) ఆఫీసుకు దరఖాస్తు పెట్టండి. 30 రోజుల్లో ఇవ్వాలి. ఆ లెక్కను తెలిసినవాళ్లతో ఒకసారి తిరగేయించండి. నా అనుభవంలో అభ్యంతరం సరైనదే అయినా అంకె తప్పుగా ఉన్నవి చాలా చూశాను. డీఏ రెండుసార్లు కలిపేయడం, వేతనం లేని సెలవు నెలలు తీసేయకపోవడం, ఇలాంటివి.

ఇంకో చేదు మాట కూడా వినండి. పాత డబ్బు వసూలు చేయకూడదని కోర్టు అన్నా, ఫిక్సేషన్ నిజంగానే తప్పని తేలితే దాన్ని సరిచేసుకునే అధికారం ప్రభుత్వానికి ఉంటుంది. అంటే మీకు నోటీసు ఇచ్చి, మీ జవాబు విని, పెన్షన్‌ను ఆ ఒక్క ఇంక్రిమెంటు మేరకు తగ్గించే అవకాశం ఉంది. వసూలు వేరు, సవరణ వేరు. వకీలు ఫీజు మాట్లాడుకునేటప్పుడే ఈ రెండింటి గురించీ విడివిడిగా అడగండి. తర్వాత గెలిచీ ఓడినట్టు అనిపించకుండా ఉంటుంది.

ఇక ఆలస్యం సంగతి. మన తెలంగాణలో పదవీ విరమణ వయసును 2021 మార్చిలో 58 నుంచి 61కి పెంచడంతో మూడేళ్లు రిటైర్మెంట్లు ఆగి, 2024 మార్చి ఆఖరు నుంచి మళ్లీ మొదలయ్యాయి. మీరు ఆ తొలి వరసలోనే ఉన్నారు. అప్పటినుంచి మీలాంటి ఉత్తరాలు నాకు చాలా వస్తున్నాయి. ముప్పై అయిదేళ్లు పనిచేసిన మనిషిని, తన సెలవుల డబ్బు కోసం, తన జీతంలోంచి దాచుకున్న డబ్బు కోసం చెప్పులరిగేలా తిప్పడం చూస్తే కడుపు రగులుతుంది. ఇది ఎవరి దయా కాదు. 1982 డిసెంబరు 17న నకారా కేసులో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం పెన్షన్ అంటే యజమాని ఇష్టం మీద ఇచ్చే బహుమానం కాదని తేల్చింది. ఏటా డిసెంబరు 17న పెన్షనర్ల దినం జరుపుకుంటున్నది అందుకే. 2013లో జార్ఖండ్ ప్రభుత్వం దాఖలు చేసిన కేసులో సుప్రీంకోర్టు పెన్షన్, గ్రాట్యుటీలను రాజ్యాంగం 300-ఏ అధికరణ కింద ఆస్తి అంది. చట్టం అండ లేకుండా, ఏదో ఆఫీసు సర్క్యులర్ పట్టుకుని దాన్ని ఆపడానికి వీల్లేదంది. మీ గాజులు ఎలా మీ ఆస్తో, మీ గ్రాట్యుటీ కూడా అలాగే మీ ఆస్తి.

వడ్డీ కూడా అడగొచ్చు. అడగాలి. దీనికి మూలం కేరళకే చెందిన మరో కేసు, పద్మనాభన్ నాయర్‌ది. ఆయన 1973 మే 19న రిటైరయ్యారు. పెన్షన్, గ్రాట్యుటీ డబ్బు చేతికొచ్చింది 1975 ఆగస్టు 14న. రెండేళ్ల మూడు నెలలు ఎందుకు పట్టిందంటే ట్రెజరీ వాళ్లు ఆఖరి వేతన ధ్రువపత్రం, అదే మనం ఎల్పీసీ అంటామే, అది ఇవ్వలేదు. ఒక్క కాగితం! మొదటిసారి ఈ తీర్పు చదివినప్పుడు నేను ట్రెజరీ కుర్చీలోనే ఉన్నాను. తల దించుకున్నాను. ప్రభుత్వం తన నిర్లక్ష్యం వల్ల ఆలస్యం చేస్తే వడ్డీ కట్టాల్సిందేననీ, రిటైరైన రెండు నెలల తర్వాత నుంచి ఆ బాధ్యత మొదలవుతుందనీ సుప్రీంకోర్టు అందులో చెప్పింది. మీ లెక్కన ఆ గడువు 2024 ఆగస్టు ఆఖరుతో ముగిసింది.

ఖజానాలో డబ్బు లేదంటారా? ఆ జవాబు కూడా కోర్టు ముందు చెల్లలేదు. కరోనా తొలి రోజుల్లో, 2020 మార్చి 31న ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం జీతాలు, పెన్షన్లలో కొంత భాగాన్ని వాయిదా వేస్తూ జీవో ఇచ్చింది. ఒక విశ్రాంత జిల్లా జడ్జి హైకోర్టుకు వెళ్లారు. ఆపిన డబ్బు 12 శాతం వడ్డీతో ఇవ్వమని హైకోర్టు ఆదేశించింది. 2021 ఫిబ్రవరి 8న సుప్రీంకోర్టు వడ్డీని 6 శాతానికి తగ్గించింది గానీ, వడ్డీ అసలు కట్టనక్కర్లేదని అనలేదు. దేశమంతా తలుపులు మూసుకున్న ఆ నెలల్లోనే ‘ఇబ్బందుల్లో ఉన్నాం’ అన్న సాకుతో వడ్డీ తప్పించుకోలేకపోయారు. మీరు పిటిషన్‌లో 12 శాతం అడగండి, 6 శాతం దగ్గర తేలితే ఆశ్చర్యపోకండి.

మీ భయం గురించి. కేసు వేసినందుకు పెన్షన్ ఆపేస్తారా? ఆపలేరు. పెన్షన్ ఆపాలన్నా, కోత పెట్టాలన్నా 1980 నాటి రివైజ్డ్ పెన్షన్ నిబంధనల్లో 9వ నిబంధన ఉంది. సర్వీసులో ఉండగా తీవ్రమైన దుష్ప్రవర్తనో, నిర్లక్ష్యమో చేసినట్టు శాఖాపరమైన విచారణలో గానీ కోర్టులో గానీ రుజువైతేనే దాన్ని వాడగలరు. రిటైరయ్యాక కొత్తగా విచారణ పెట్టాలన్నా ప్రభుత్వం అనుమతి కావాలి, నాలుగేళ్లకు మించిన పాత సంగతి మీద పెట్టకూడదు. మీ మీద విచారణే లేదు. హైకోర్టు గుమ్మం ఎక్కడం తప్పెలా అవుతుంది? ఆఫీసులో ఎవరైనా ‘కేసంటూ వెళ్తే అసలుకే మోసం’ అని బెదిరిస్తే, ఆ మాట కాగితం మీద రాసివ్వమని అడగండి. ఎవరూ రాయరు.

ఇక ఎక్కడికి వెళ్లాలి? ఉమ్మడి రాష్ట్రంలో ఇలాంటివన్నీ ముందు అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్‌కు వెళ్లేవి. ఇప్పుడు రెండు రాష్ట్రాల్లోనూ అది లేదు. మీరు నేరుగా హైదరాబాద్‌లో తెలంగాణ హైకోర్టుకు వెళ్లి రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ పిటిషన్ వేయాలి. ఆంధ్రప్రదేశ్‌లో ఉన్నవాళ్లయితే అమరావతిలో హైకోర్టు. కేంద్ర ప్రభుత్వంలో, అంటే రైల్వే, పోస్టల్ వంటి చోట్ల పనిచేసి రిటైరైనవాళ్లు మాత్రం ముందు సెంట్రల్ అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్‌కే వెళ్లాలి. అక్కడ ఏడాది గడువు ఉంటుంది, మర్చిపోవద్దు.

వెళ్లేముందు ఒక విజ్ఞాపన ఇవ్వండి. హెచ్ఎంకు, డీఈవోకు, జిల్లా ట్రెజరీకి, సైఫాబాద్‌లో ఏజీ ఆఫీసుకు ఒకేసారి పంపండి. అందులో రెండే అడగండి. వసూలు ప్రతిపాదన ఉపసంహరించండి, రావాల్సినవి వడ్డీతో చెల్లించండి. బతిమాలే భాష వద్దు. ‘తమరి దయతో’ అన్న మాట రాయకండి. రెండు మూడు వారాలు చూడండి. అంతకంటే వద్దు. నెలనెలా వచ్చే పెన్షన్ తక్కువైతే ప్రతి నెలా కొత్త నష్టమే కాబట్టి ఆలస్యంగా వెళ్లినా కోర్టు వింటుంది, అయినా వెనకటి బకాయిలు సాధారణంగా మూడేళ్లకే ఇస్తుంది. గ్రాట్యుటీలో కోత అలా కాదు, ఒక్కసారి పడే దెబ్బ. దాన్ని నానబెట్టకూడదు. ఈలోగా వసూలు ఉత్తర్వు చేతికొస్తే మర్నాడే వకీలు దగ్గరకు వెళ్లండి.

ఖర్చుకు జంకుతున్నారేమో. న్యాయసేవల అధికార సంస్థల చట్టం ప్రకారం మహిళలకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం వస్తుంది. హైకోర్టు ఆవరణలోనే న్యాయసేవల కమిటీ ఉంటుంది, అక్కడ దరఖాస్తు పెట్టొచ్చు. పెన్షన్ వస్తోంది కదా నాకెందుకిస్తారు అనుకోకండి, మీరు స్త్రీ కావడమే అర్హత.

కోర్టు ఏం చేస్తుందో, ఏం చేయదో కూడా తెలుసుకుని వెళ్లండి. మీ ఫిక్సేషన్ పట్టిక ముందేసుకుని న్యాయమూర్తి కూడికలు, తీసివేతలు చేయరు. అధికారి తన పరిధి దాటాడా, నోటీసు ఇచ్చాడా, సుప్రీంకోర్టు చెప్పిన దానికి విరుద్ధంగా పోయాడా, అన్యాయంగా ఆపాడా, ఇవే చూస్తారు. లెక్క తేల్చే పని ఉంటే మళ్లీ ఆఫీసుకే పంపి, మీ మాట విని ఇన్ని వారాల్లో తేల్చండి అంటారు. చాలామంది దీన్ని ఓటమి అనుకుని ఇంటికి వచ్చేస్తారు. కాదు. గడువుతో కూడిన ఆదేశం చేతికొచ్చిందంటే ఆఫీసులో మీ ఫైలు బరువు మారిపోతుంది. వసూలు విషయంలో అయితే మొదటి వాయిదాలోనే స్టే అడగమని వకీలుకు చెప్పండి. టోకెన్ దగ్గర ఆగిన బిల్లులకు ఫలానా తేదీలోగా చెల్లించమని ఆదేశం అడగమనండి. రెండూ ఒకే పిటిషన్‌లో కలపాలా, వేరువేరుగా వేయాలా అన్నది ఆయన నిర్ణయిస్తారు. ఆర్థిక శాఖను ప్రతివాదిగా చేర్చడం మాత్రం మరిచిపోకూడదు. అది లేకపోతే ‘మేం బిల్లు పంపాం, డబ్బు వాళ్లే వదలాలి’ అని విద్యాశాఖ చేతులు దులుపుకుంటుంది.

గడువు దాటినా డబ్బు పడకపోతే కోర్టు ధిక్కరణ కేసు ఉంది. దానికి ఏడాది గడువు. ఆదేశం వచ్చింది కదా అని అలమారాలో పెట్టుకుని కూర్చుని, ఆ ఏడాది పోగొట్టుకున్నవాళ్లను చూశాను. సర్టిఫైడ్ కాపీ రాగానే ప్రతి ఆఫీసులో ఇచ్చి తేదీ వేసిన ముద్ర వేయించుకోండి. ఆఫీసుకు కోర్టు పెట్టిన గడువు సాధారణంగా ఆ ముద్ర దగ్గరే మొదలవుతుంది.

మీరు జూన్ 30న రిటైరయ్యారు గనక ఇంకొకటి. మీ వార్షిక ఇంక్రిమెంటు తేదీ జూలై 1 అయితే, ఆ ఏడాది పని మీరు పూర్తిగా చేసేశారు, ఇంక్రిమెంటు మాత్రం ఒక్క రోజు తర్వాత పడుతుంది. ఆ రోజు మీరు సర్వీసులో లేరని దాన్ని కాదనకూడదని 2023 ఏప్రిల్ 11న సుప్రీంకోర్టు కర్ణాటక విద్యుత్ సంస్థ కేసులో తేల్చింది. దీనికి భిన్నంగా 2005లో మన ఉమ్మడి హైకోర్టు ఫుల్ బెంచ్ చెప్పిన మాట సరికాదని కూడా అంది. మీ పెన్షన్ లెక్కలో ఆ ఇంక్రిమెంటు కలిపారో లేదో పీపీవో (పెన్షన్ చెల్లింపు ఉత్తర్వు) పక్కన పెట్టుకుని చూడండి. ఒక ఇంక్రిమెంటు ఎక్కువ వేశారని మీ వెంట పడుతున్నవాళ్లు, రావాల్సిన ఒకటి వేయడం మర్చిపోయి ఉండొచ్చు.

మీ సంఘం వాళ్ల మీద కోపం తెచ్చుకోకండి. వాళ్లు మీ మేలు కోరే చెప్పి ఉంటారు, ఉన్నదాంట్లో ఎంతో కొంత త్వరగా చేతికి రావాలని. కానీ వాళ్లను అడగాల్సిన సాయం వేరే ఉంది. మీ జిల్లాలో ఇదే అభ్యంతరం ఇంకా ఎవరెవరికి వచ్చిందో కనుక్కోమనండి. నలుగురైదుగురు ఉంటే ఒకే వకీలు దగ్గరకు కలిసి వెళ్లొచ్చు, ఖర్చూ తగ్గుతుంది, హైదరాబాద్ ప్రయాణానికి తోడూ దొరుకుతుంది.

వకీలు దగ్గరకు వెళ్లేటప్పుడు నియామక ఉత్తర్వు, 2009 ప్రమోషన్ ఉత్తర్వు, రిటైర్మెంట్ ప్రొసీడింగ్స్, పీపీవో, టోకెన్ నంబర్ల ప్రింట్లు, విజ్ఞాపన, పోస్టు రసీదులు ఒక ఫైల్లో పెట్టుకోండి. మావారి ఆపరేషన్ కాగితాలు దేనికిలే అనుకోకండి. ఆసుపత్రి బిల్లు, డిశ్చార్జి సమ్మరీ, గాజులు తాకట్టు పెట్టిన రసీదు, దాని మీద ఇప్పటిదాకా కట్టిన వడ్డీ వివరం, అన్నీ తీసుకెళ్లండి. ఈ వసూలు మీ ఇంటిమీద ఎంత కఠినంగా పడుతుందో న్యాయమూర్తికి చూపించే కాగితాలు అవే.